తెలుగు బాలునికి ఇంగ్లీషు వ్యాకరణం

చెట్టున పచ్చగా వ్రేలాడేది మామిడికాయ. మాగి రంగు తిరిగినది మామిడిపండు. ఈ రెండింటికీ భేదం తెలియని తెలుగు పిల్లవాడు ఉండడు. ఒకటి ఊరగాయ జాడీకి పోతుంది. రెండవది విస్తరిలోకి వస్తుంది. ఇంగ్లీషువానికి మాత్రం ఈ రెండింటికీ ఒకటే మాట: మాంగో. కాయ అని చెప్పదలచినప్పుడు పచ్చిది అనే విశేషణం ఒకటి అతడు ముందు తగిలించుకొనవలసినదే. విచిత్రమేమంటే, ఆ మాట పుట్టిల్లు దక్షిణదేశమే. తమిళంలోని ‘మాంగాయ్’, మలయాళంలోని ‘మాంగ’ అనే మాటను పోర్చుగీసు వర్తకులు తమ నావలకు ఎక్కించుకొనిపోగా, వారి నుండి అది ఇంగ్లీషులో చేరినది. తమిళపు మాటలో ‘కాయ’ స్పష్టంగా కనబడుతున్నది. అనగా ఇంగ్లీషువాడు రసాలు కారే పండును చేతబట్టుకొని కూడ దానిని కాయ అనియే పిలుస్తున్నాడు. ఆ సంగతి అతనికి తెలియదు. తెలియకపోయినంత మాత్రాన అతని భాషకు వచ్చిన లోటూ లేదు.

మాటలు ఈ విధంగా ఎల్లలు దాటి పోతూ ఉంటవి, వస్తూ ఉంటవి. మన పందికొక్కు ఇంగ్లీషులో ‘బాండికూట్’ అయినది. దక్షిణాదిని ఉద్యోగం చేసిన బర్నెల్, ఆయనతో కలిసి యూల్ కూర్చిన ‘హాబ్సన్ జాబ్సన్’ అనే నిఘంటువు 1886లో వెలువడినది. ఇటువంటి మాటల వంశవృక్షాలన్నీ అందులో ఉన్నవి. ఆ వైపు నుండి వచ్చినవానికీ తక్కువ లేదు. నూజివీడు మామిడి సీమలో బంగినపల్లి, చిన్నరసం, పెద్దరసాల సరసన తోతాపురి రకానికి ‘కలెక్టరు’ అనే పేరు స్థిరపడినది. తోట లీజుకు ఇచ్చినారనీ, అడ్వాన్సు పుచ్చుకొన్నారనీ, లోడు బయలుదేరినదనీ, కమీషను పోగా ఇంత మిగిలినదనీ చెప్పుకొనే రైతు ఇంగ్లీషు మాటలను పూర్తిగా తెలుగు విభక్తులతో నడిపిస్తున్నాడు. ‘లీజు’ ఇంగ్లీషుదే, ‘లీజుకు’ అన్నప్పుడు చేరిన ‘కు’ తెలుగుది. మాట పరాయిదైనా వ్యాకరణం ఇంటిదే.

దీనినిబట్టి ఒక సత్యం తేటపడుతున్నది. మాటలను అరువు తెచ్చుకొనుట సులభం. వాక్యాన్ని కట్టే పద్ధతిని అరువు తెచ్చుకొనుట కష్టం. భాష నేర్చుకొనుటలో కష్టమంతా అక్కడనే ఉన్నది. వ్యాకరణ గ్రంథం పుట్టినది ఆ కష్టాన్ని తీర్చుటకే. కాని ఏ వ్యాకరణం? ఎవరి ఇంటి వాకిట నిలబడి వ్రాసిన వ్యాకరణం?

నూజివీడులో ఈ ప్రశ్న పుస్తకాలకు మాత్రమే సంబంధించినది కాదు. 2008లో స్థాపితమైన రాజీవ్ గాంధీ విజ్ఞాన సాంకేతిక విశ్వవిద్యాలయపు ప్రాంగణాలలో ఒకటి ఇక్కడ ఉన్నది. పదవ తరగతి ముగించిన గ్రామీణ బాలబాలికలను చేర్చుకొని, ఆరేండ్లలో ఇంజనీరింగు పట్టంతో పంపవలెనన్నది ఆ విద్యాలయపు ఆశయం. అక్కడ పాఠాలన్నీ ఇంగ్లీషులోనే. పల్లెటూరి పాఠశాలలో లెక్కలలో నూటికి నూరు తెచ్చుకొన్న బాలిక ఇట్టి తరగతి గదిలో మొదటి దినాన లేచి నిలబడి ఒక సందేహం అడుగవలసి వచ్చినప్పుడు, సందేహం తెలుగులో స్పష్టంగానే తోస్తుంది. నోట మాత్రం మాట రాదు. ఆమెకు లేనిది తెలివి కాదు. పదేండ్లపాటు ఆమె చదివిన ఇంగ్లీషు వ్యాకరణం ఆ క్షణాన ఎందుకు పనికి రాలేదన్నది విచారించదగిన విషయం.

దొరలు తెలుగు నేర్చిన తీరు

ఇంగ్లీషువారు తెలుగు నేర్వవలసి వచ్చినప్పుడు ఏమి చేసినారో చూచిన, ఈ విచారానికి ఒక దారి దొరుకుతుంది. 1814లో శ్రీరాంపురం నుండి విలియం కేరీ తెలుగు వ్యాకరణం వెలువరించినాడు. 1816లో మద్రాసులో కాలేజీ ముద్రాలయం నుండి కాంబెల్ వ్యాకరణం వచ్చినది. తెలుగు సంస్కృతం నుండి పుట్టినది కాదనీ, తమిళ కన్నడాలతో పాటు వేరొక కుటుంబానికి చెందినదనీ ఎల్లిస్ నిరూపించిన ప్రసిద్ధ టిప్పణం ఈ కాంబెల్ గ్రంథానికి చేర్చినదే. కాల్డ్వెల్ ద్రావిడ భాషల వ్యాకరణానికి అది నలువది ఏండ్ల ముందటి మాట. ఉద్యోగుల పాఠ్యపుస్తకంలో ఇంతటి శాస్త్రసత్యం తలుపు తెరిచినదన్నది మరువరాని విషయం.

1820లో కడపకు వచ్చి తెలుగు నేర్వ మొదలుపెట్టిన చార్లెస్ ఫిలిప్ బ్రౌను 1840లో తన వ్యాకరణాన్ని ప్రకటించినాడు. 1852 మొదలు 1854 వరకు ఆయన నిఘంటువులు వెలువడినవి. వానిలో తెలుగువారు వాడే అన్యదేశ్యాలకు ప్రత్యేకించినది ఒకటి ఉన్నది. కచేరీ మాటలూ బజారు మాటలూ అందులో చోటు చేసుకొన్నవి. మచిలీపట్నంలో మిషనరీగా పని చేసిన ఆర్డెన్ 1873లో ఇంకొక వ్యాకరణం వ్రాసి, జనవ్యవహారంలోని తెలుగుకూ గ్రాంథిక భాషకూ వేరువేరు భాగాలు ఏర్పరచినాడు. నూజివీడు 2022లో ఏలూరు జిల్లాలో చేరినది గాని, అంతకుముందు మచిలీపట్నం ముఖ్యపట్టణంగా గల కృష్ణాజిల్లాలోనిదే. ఆర్డెన్ చెవిని పడిన తెలుగులో ఈ సీమ మాట కూడ ఉండియే ఉండవలెను.

ఈ పుస్తకాలలో గమనింపదగినది ఒకటి కలదు. ఇవన్నీ ఇంగ్లీషులో వ్రాసినవి. ఇంగ్లీషు తెలిసినవాని ఇబ్బందులను ముందుగా ఊహించి వ్రాసినవి. ‘నీవు’, ‘మీరు’ అనే భేదం అతనికి క్రొత్త. కనుక దానిని విడమరిచి చెప్పవలెను. ‘మనము’, ‘మేము’ అనే భేదం అతని భాషలో లేదు. కనుక ఎదుటివానిని కలుపుకొన్నప్పుడు ఒకటి, విడిచిపెట్టినప్పుడు ఒకటి అని వివరించవలెను. విభక్తులు మాటకు ముందు గాక వెనుక వస్తవనీ, క్రియ వాక్యం చివర నిలుస్తుందనీ మొదటనే హెచ్చరించవలెను. చదువరి ఎక్కడ జారిపడునో తెలిసి అక్కడ చేయి పట్టుకొనే పద్ధతి ఇది. ఈ సంప్రదాయం దొరలతో ముగియలేదు. ఇండియన్ సివిల్ సర్వీసులో చేరి ఆంధ్రదేశాన ఉద్యోగం చేసిన జె.పి.ఎల్. గ్విన్, భద్రిరాజు కృష్ణమూర్తిగారు కలిసి వ్రాసిన ఆధునిక తెలుగు వ్యాకరణం 1985లో వెలువడినది. తెలుగు నేర్చుకొనే పరభాషీయునికి నేటికీ అది ఆధారగ్రంథమే.

మనవారికి దొరికిన పుస్తకాలు

అదే కాలంలో ఇంగ్లీషు నేర్వబూనిన తెలుగు బాలునికి దొరికినవేమి? 1835లో మెకాలే నివేదిక, దాని వెంట బెంటింకు నిర్ణయం వచ్చినవి. 1843లో మచిలీపట్నంలో రాబర్టు నోబుల్ ఇంగ్లీషు పాఠశాల నెలకొల్పినాడు. 1857లో మద్రాసు విశ్వవిద్యాలయం వెలసినది. చదువు, ఉద్యోగం, ఇంగ్లీషు ఒకే త్రాట పెనవేసుకొన్నవి. పుస్తకాలు మాత్రం తెలుగు పిల్లవానిని ఎన్నడూ చూడనివారి కలాల నుండియే వచ్చినవి.

ఇంగ్లీషు లోకాన అరశతాబ్దికి పైగా ఏలిన లిండ్లీ మర్రే వ్యాకరణం 1795 నాటిది. అమెరికాలో పుట్టి ఇంగ్లాండులోని యార్కు నగరాన స్థిరపడిన ఆ న్యాయవాది అక్కడి బాలికల పాఠశాల కొరకు దానిని వ్రాసినాడు. ఆ బాలికలకు ఇంగ్లీషు వచ్చును. వారికి కావలసినది తప్పులు దిద్దే పుస్తకం. ఆ తరువాత మన దేశాన విద్యాశాఖలో అధికారిగా ఉండిన నెస్ఫీల్డు వ్యాకరణాలు ప్రబలినవి. వాక్యాన్ని ముక్కలు చేసి ఒక్కొక్క పదానికి జాతి, లింగం, వచనం, విభక్తి చెప్పే ‘పార్సింగు’ వానితో తరగతి గదికి నిత్యకర్మ అయినది. 1930ల దశకంలో రెన్, మార్టిన్ అనే ఇద్దరి వ్యాకరణం వచ్చినది. ఆ రెన్ బొంబాయి రాష్ట్రంలో విద్యాశాఖోద్యోగి. ‘బో జెస్ట్’ అనే ప్రసిద్ధమైన నవలను వ్రాసినవాడు కూడ ఆయనే. ఎన్.డి.వి. ప్రసాదరావుగారు పరిష్కరించిన ముద్రణతో ఆ గ్రంథం స్వతంత్ర భారతంలోనూ తరతరాల విద్యార్థుల చేతులలో నలిగినది. నేటికీ ఆ పుస్తకం లేని ఉన్నత పాఠశాల అరుదు.

ఈ గ్రంథాలను నిందించుట న్యాయం కాదు. వానిలో క్రమం ఉన్నది, అభ్యాసాలు ఉన్నవి, శ్రద్ధగా చదివినవానికి ఫలితం ఉన్నది. కాని హిమాలయం మొదలు కన్యాకుమారి వరకు గల విద్యార్థులందరికీ ఒకే పుస్తకం కావలసినప్పుడు, ఆ విద్యార్థి ఇంటిలో ఏ భాష మాట్లాడుతున్నాడన్నది అందులో ఉండుటకు వీలు లేదు. తెలుగు నేర్చే దొరకు తన భాషలో, తన ఇబ్బందిని ఎరిగిన పుస్తకం ఉన్నది. ఇంగ్లీషు నేర్చే తెలుగువానికి అటువంటి పుస్తకం ఉన్నత పాఠశాల బల్ల మీదకు రాలేదు. బజారులో అమ్మే ‘ముప్పది దినములలో ఇంగ్లీషు’ వంటివి మాత్రమే తెలుగు వైపు నుండి మాట్లాడినవి. పండితులు వానిని చూచి నవ్వినారు, జనం కొన్నారు. జనానికి ఏమి కావలెనో ఆ అమ్మకమే చెబుతున్నది.

శాసనమా, సాక్ష్యమా?

ఈ వ్యాకరణాలలో ఇంకొక చిక్కు ఉన్నది. ఇంగ్లీషు వ్యాకర్తలు చిరకాలం లాటిను వ్యాకరణాన్ని ఒరవడిగా పెట్టుకొని వ్రాసినారు. లాటినులో తుమున్నర్థక క్రియ ఒకే పదం. విడదీయ వీలు లేదు. ఇంగ్లీషులో అది ‘టు’ అనే అవ్యయంతో కలిసి రెండు పదాలు. నడుమ ఇంకొక మాట ఇమడగలదు. అయినను ఇమడరాదని నియమం చేసినారు. విభక్త్యర్థక అవ్యయంతో వాక్యం ముగియరాదన్నది ఇటువంటిదే. ఇంగ్లీషువారు మాత్రం ఇంటిలో, వీధిలో, కావ్యాలలో ఈ నియమాలను దాటుతూనే ఉన్నారు.

1926లో వెలువడిన ఫౌలర్ ఆంగ్లప్రయోగ నిఘంటువు ఈ మూఢనియమాలను ఎత్తిపొడిచినది. తుమున్నర్థక క్రియ విషయంలో ఇంగ్లీషువారిని ఆయన ఐదు తెగలుగా విభజించిన తీరు హాస్యానికి ప్రసిద్ధం. తెలియకయే భయపడేవారు అందులో ఒక తెగ. మన పాఠశాలలలో చదివినవారికి ఆ తెగ సుపరిచితమే. డెన్మార్కు పండితుడు యెస్పర్సన్ 1909 నుండి ఏడు సంపుటాలలో ఇంగ్లీషు వ్యాకరణం వ్రాసి, గ్రంథాలనుండి ప్రయోగాలు ఏరి చూపినాడు. అతనికి ఇంగ్లీషు మాతృభాష కాదన్నది గమనించవలెను. పరాయి చూపుకే కొన్ని సంగతులు కనబడుతవి. 1985లో క్వర్క్, ఆయన సహచరులు మువ్వురు కలిసి వెలువరించిన బృహద్వ్యాకరణం పదునేడు వందల పుటలకు మించినది. జనం ఏమి వ్రాస్తున్నారో, ఏమి పలుకుతున్నారో అది సాక్ష్యం చెబుతుంది. వ్యాకర్త న్యాయాధిపతి పీఠం దిగి సాక్షి బోనులో నిలబడినాడన్న మాట.

ఈ వివాదం తెలుగువారికి క్రొత్తది కాదు. 1858 నాటి చిన్నయసూరి బాలవ్యాకరణం సూత్రరచనలో సాటిలేనిది. ఆ సూత్రాలకు ఒదిగినదే భాష, తక్కినది గ్రామ్యం అని తరువాతివారు పట్టుబట్టినారు. ఇంగ్లీషు పాఠశాలల పరీక్షాధికారిగా ఉత్తరాంధ్రకు వచ్చిన యేట్స్, ఇక్కడి జనం మాట్లాడే తెలుగు పుస్తకాలలో ఎందుకు లేదని ప్రశ్నించినాడు. విశాఖపట్నంలో పి.టి. శ్రీనివాస అయ్యంగారు, పర్లాకిమిడిలో గిడుగు రామమూర్తిపంతులుగారు, విజయనగరంలో గురజాడ అప్పారావుగారు ఆ ప్రశ్నను చేపట్టినారు. భాషకు ప్రమాణం ప్రయోగమే గాని సూత్రం కాదన్నది గిడుగువారి వాదం.

చిత్రమేమంటే, తెలుగును గురించిన ఆ మహావివాదంలో ముఖ్యపత్రాలు ఇంగ్లీషులో వ్రాసినవే. 1909లో శ్రీనివాస అయ్యంగారి కరపత్రం ఇంగ్లీషులోనిది. 1913లో గ్రాంథికాన్ని సమర్థిస్తూ జయంతి రామయ్యపంతులుగారు వ్రాసినది ఇంగ్లీషులో. ఆధునిక తెలుగును గురించి గిడుగువారి విజ్ఞాపనం ఇంగ్లీషులో. 1914లో గురజాడవారి అసమ్మతి పత్రమూ ఇంగ్లీషులోనే. పిల్లవాడు తెలుగు ఎట్లు వ్రాయవలెనో తేల్చేవారు మద్రాసు విశ్వవిద్యాలయపు పెద్దలు. వారి చెవి ఇంగ్లీషుది. సమాజంలో ఇంగ్లీషు స్థానం ఎటువంటిదో చెప్పుటకు ఇంతకంటె సాక్ష్యం అక్కర లేదు. అయితే ఆ నలుగురికీ ఇంగ్లీషు వచ్చినది తెలుగును విడిచిపెట్టుటవలన కాదు. తెలుగును లోతుగా తెలిసినవారే ఆ ఇంగ్లీషును అంత సూటిగా వ్రాయగలిగినారు.

అలంకారం, ఆయుధం

ఇంగ్లీషు మన సమాజంలో భాషగా కంటె అలంకారంగా ఎక్కువ చలామణి అయినది. దీనిని ‘కన్యాశుల్కం’ కంటె బాగుగా చూపిన గ్రంథం లేదు. 1897లో మొదటిసారి, పెంచి మార్చి 1909లో రెండవసారి అచ్చయిన ఆ నాటకంలో, కొడుకు నోట ఇంగ్లీషు వినవలెనని తల్లి ముచ్చటపడుతుంది. గిరీశం, వెంకటేశం ఒకరికొకరు పొత్తు లేని వాక్యాలు వల్లిస్తారు. అర్థం లేకపోయినా ఆ తల్లి మురిసిపోతుంది. నవ్వు వచ్చే ఘట్టమే. కాని ఆ తల్లి ఆశ నవ్వదగినది కాదు. కొడుకు పెద్ద ఉద్యోగం చేయవలెనన్న ఆశ అది. నేడు మామిడి తోటలో కోతకు పోయి కూలి డబ్బుతో బిడ్డకు ఇంగ్లీషు బడిలో రుసుము కట్టే తల్లి ఆశయూ అదియే.

ప్రభుత్వాలు ఈ ఆశకూ మాతృభాషకూ నడుమ ఊగిసలాడినవి. 1966లో తెలుగు అధికారభాష అయినది. కళాశాల చదువులకు తెలుగు పుస్తకాలు వ్రాయించుటకు 1968లో తెలుగు అకాడమీ వెలసినది. 2009 నాటి విద్యాహక్కు చట్టం వీలైనంతవరకు మాతృభాషలోనే బోధన జరుగవలెనన్నది. 2019 నవంబరులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ప్రాథమిక తరగతుల నుండి ఇంగ్లీషు మాధ్యమం ప్రవేశపెడుతూ ఉత్తర్వులు చేసినది. 2020 ఏప్రిల్‌లో ఉన్నత న్యాయస్థానం వానిని కొట్టివేసినది. ఈ వాదంలో ఇరువైపులవారూ ఒక్క విషయాన్ని విస్మరించినారు. మాధ్యమం ఏదైనా ఇంగ్లీషు ఒక పాఠ్యాంశంగా ఉండనే ఉన్నది. దానిని ఎట్లు నేర్పుతున్నాము అన్నది తేలకుండ, ఏ భాషలో నేర్పవలెనన్న జగడం ఎంత సాగినా పిల్లవాని నోట మాట రాదు.

ఇప్పటి ఫలితం కండ్లకు కనబడుతూనే ఉన్నది. పరీక్షలో కర్తరి వాక్యాన్ని కర్మణిగా మార్చి పూర్తి మార్కులు తెచ్చుకొన్న విద్యార్థి, బస్సు ఎన్నింటికని ఇంగ్లీషులో అడుగలేడు. సెలవు చీటీ వ్రాయుమన్న, జ్వరంతో బాధపడుతున్నానన్న వాక్యాన్ని అచ్చుగుద్దినట్లు దించుతాడు. అక్క పెండ్లికి పోయేవాడు కూడ జ్వరమే వ్రాస్తాడు. పెండ్లికి సరిపడే వాక్యాన్ని ఎవరూ బట్టీ పట్టించలేదు గదా! నియమాలు వచ్చినవి, వాక్యం రాలేదు.

తెలుగు వాకిట నిలబడి చూచిన ఇంగ్లీషు

తెలుగు వైపు నుండి ఇంగ్లీషు వ్యాకరణం వ్రాసిన ఎట్లుండును? కొన్ని ఉదాహరణలు చూడవచ్చును.

‘ఎ’, ‘ది’ అనే ఉపపదాలు మన పిల్లలకు కొరుకుడుపడనివి. తెలుగులో ఇవి లేవని చెప్పి ఊరకుంటారు. కాని తెలుగులో ఆ భేదమే లేదా? ‘తోటలో పాము ఉన్నది’ అన్న వాక్యానికీ, ‘పాము తోటలో ఉన్నది’ అన్న వాక్యానికీ తేడా ఏ పిల్లవాడైనా చెప్పగలడు. మొదటిది వింటే ఏదో ఒక పాము. రెండవది వింటే ఇంతకుముందు మనం అనుకొన్న ఆ పామే. ఇంగ్లీషువాడు మొదటి పాముకు ‘ఎ’ చేరుస్తాడు, రెండవదానికి ‘ది’ చేరుస్తాడు. అతడు చిన్న మాటతో చేసే పనిని తెలుగువాడు పదాల వరుసతో చేస్తున్నాడు. ఈ ఒక్క సంగతి చెప్పిన పిల్లవానికి భయం సగం తీరుతుంది. తనకు తెలియనిది ఏదో క్రొత్తగా నేర్చుకొంటున్నానని గాక, తనకు తెలిసినదానికి ఇంకొక వేషం చూస్తున్నానని అతనికి తోస్తుంది.

‘నాకు ఆకలిగా ఉన్నది’, ‘నాకు ఇద్దరు అన్నలు ఉన్నారు’, ‘నాకు ఆ సంగతి తెలుసు’. ఈ మూడు వాక్యాలలోనూ ‘నాకు’ ఉన్నది. ఆకలి, అన్నలు, తెలివిడి తెలుగువానివద్దకు వచ్చినవి. అతడు వానిని అందుకొన్నవాడు. ఇంగ్లీషులో ఈ మూడింటిలోనూ ‘ఐ’ అనే కర్త ముందుకు వచ్చి నిలబడుతుంది. ఆకలికి ఒక క్రియ, అన్నలకు ‘హావ్’ అనే క్రియ, తెలివిడికి మరియొక క్రియ. ‘నాకు’ అనే మాటతో మొదలయ్యే తెలుగు వాక్యాలను ఇరువది ఏర్చి, వానికెదురుగా ఇంగ్లీషు వాక్యాలను వ్రాయించిన, ఒక నెల వ్యాకరణ పాఠం రెండు గంటలలో ముగుస్తుంది.

‘నిన్న కోసిన కాయలు’ అంటాము. ఇంగ్లీషులో కాయలు ముందు వస్తవి. ఏ కాయలన్నది వెనుక నుండి నడిచివస్తుంది. తెలుగు వాక్యాన్ని తోక నుండి తలకు చదివిన ఇంగ్లీషు వాక్యపు క్రమం చాలావరకు దొరుకుతుందని పాతకాలపు ఉపాధ్యాయులు చెప్పేవారు. అది పూర్తి సత్యం కాదు గాని, పనికివచ్చే సూచన.

‘కదా’ అనే మాట తెలుగులో సర్వార్థసాధకం. నీవు వస్తావు కదా, వాన వెలిసినది కదా, వారు మనవారే కదా. దీనినిబట్టియే మన ఇంగ్లీషులో ప్రతి వాక్యానికీ ‘ఈజింట్ ఇట్’ వచ్చి చేరుతుంది. ఇంగ్లీషులో వాక్యంలోని క్రియనుబట్టి, కర్తనుబట్టి ఆ తోక మారుతుంది. ఇది పిల్లవాని అజ్ఞానం కాదు. తెలుగు నియమాన్ని అతడు ఇంగ్లీషులో నిష్ఠగా పాటిస్తున్నాడు. ఆ సంగతి తెలిసిన ఉపాధ్యాయుడు బెత్తం ఎత్తడు. రెండు వాక్యాలను ప్రక్కప్రక్కన పెట్టి చూపుతాడు.

ఉచ్చారణయూ ఇట్టిదే. తెలుగు మాట అచ్చుతో ముగియుట వాడుక. కనుక బస్, బుక్ అనేవి బస్సు, బుక్కు అయినవి. మాట మొదట ‘స్క’ వంటి సంయుక్తం వచ్చినప్పుడు నాలుకకు ఊతంగా ‘ఇ’ చేరి ‘ఇస్కూలు’ అయినది. ఇంగ్లీషులో రెండుగా ఉన్న ‘వ’కారాలు మనకు ఒక్కటే. భారతీయుల ఇంగ్లీషు ఎంతవరకు ఇతరులకు అర్థమగునో పరిశీలించి బన్సల్ వ్రాసిన గ్రంథం 1969లో హైదరాబాదులోని కేంద్ర ఆంగ్ల సంస్థ నుండి వెలువడినది. ఆ సంస్థ 1958లో పుట్టినది. నేడు ఇంగ్లీషు, విదేశీ భాషల విశ్వవిద్యాలయంగా పెరిగినది. ఇంగ్లీషు దొరవలె పలుకవలెనన్న పట్టుదల కంటె, వినేవారికి తేటగా తెలిసేటట్లు పలుకవలెనన్న లక్ష్యం మేలన్నది అటువంటి పరిశోధనల వలన తేలే నీతి.

ఏమి చేయవలెను?

ఇందుకు గొప్ప ధనం అక్కర లేదు, క్రొత్త ఉత్తర్వులు అక్కర లేదు. ఢాకాలో ఉపాధ్యాయ శిక్షణ కళాశాలలో పని చేసిన మైకేల్ వెస్టు, బెంగాలీ బాలునికి ఇంగ్లీషు దేనికి కావలెనన్న ప్రశ్నతో మొదలుపెట్టి 1926లో ద్విభాషాతత్త్వంపై గ్రంథం వ్రాసినాడు. ఆ ప్రశ్ననుండియే ఆయన పాఠ్యపుస్తకాలు పుట్టినవి. 1953లో ఆయన ప్రకటించిన పట్టికలో సుమారు రెండు వేల ఇంగ్లీషు మాటలు ఉన్నవి. సామాన్యమైన చదువులో అధికభాగం ఆ మాటలతోనే నడుస్తుంది. రెండు వేల మాటలు! ఒక తెలుగు పిల్లవాడు బడికి రాకముందే తన భాషలో ఎన్నో వేల మాటలు మూటకట్టుకొని వస్తాడు. అంతటి శక్తి గలవానికి ఈ రెండు వేలు బరువు కావు.

ప్రతి ఉన్నత పాఠశాలలోనూ తెలుగు ఉపాధ్యాయుడు ఒకరు, ఇంగ్లీషు ఉపాధ్యాయుడు ఒకరు ఉన్నారు. ఇద్దరూ ఒకే గదిలో, ఒకే పిల్లలకు, వెంటవెంట వచ్చే గంటలలో వ్యాకరణం చెబుతున్నారు. ఒకరి మాట ఒకరికి తెలియదు. తెలుగు గంటలో క్త్వార్థకం, కర్తరి, కర్మణి. ఇంగ్లీషు గంటలో అవే విషయాలకు వేరు పేర్లు. వారానికి ఒక్క గంట ఈ ఇద్దరూ కలిసి కూర్చుండి, పిల్లల ఇంగ్లీషు కాగితాలలోని తప్పులను ముందు పెట్టుకొని, ఏ తప్పు వెనుక ఏ తెలుగు వాక్యం ఉన్నదో వెదికిన చాలును. ఒక సంవత్సరం ముగిసేసరికి ఆ పాఠశాలకు తన పిల్లల కొరకు తాను వ్రాసికొన్న ఇంగ్లీషు వ్యాకరణం ఒకటి సిద్ధమై ఉంటుంది. కాంబెల్, బ్రౌను, ఆర్డెన్ తమవారి కొరకు చేసినది కూడ ఇదియే. వారికీ మొదట ఉండినది చెవి, కాగితం, ఓపిక మాత్రమే.

విద్యార్థులు కూడ ఇంకొకరి కొరకు కాచుకొని ఉండనక్కర లేదు. ఒక పుస్తకంలో ఎడమ పుటన తాము చెప్పదలచిన తెలుగు వాక్యం, కుడి పుటన దాని ఇంగ్లీషు వాక్యం వ్రాసికొని, రెండింటికీ ఎక్కడ పొత్తు కుదిరినది, ఎక్కడ కుదరలేదు అని ఎర్రసిరాతో గుర్తు పెట్టుకొన్న, ఆ ఎర్రగీతలే వారి వ్యాకరణ సూత్రాలు. ఎవరో విధించిన సూత్రం మరచిపోవచ్చును. తాను కనిపెట్టిన సూత్రం మరుపు రాదు.

తెలుగు అడ్డము వచ్చి ఇంగ్లీషు రావడం లేదన్న మాట ఊరూరా వినబడుతున్నది. తెలుగును తలుపు వెలుపల నిలబెట్టి పిల్లవానిని మాత్రం లోపలికి రమ్మన్నందువలననే అతడు గుమ్మంలో తడబడుతున్నాడు. తన భాష వెంట వచ్చినవానికి ఏ భాష ఇంటిలోనైనా కాలు పెట్టుటకు జంకు ఉండదు. లేచి సందేహం అడుగవలసిన ఆ పల్లెటూరి బాలికకు ఆ ధైర్యం ఇవ్వగలవారు పాఠశాలలోని ఉపాధ్యాయులే. అది ఆమెకు పదవ తరగతి ముగిసిన తరువాత గాక, ఇంగ్లీషు అక్షరాలు దిద్దిన నాడే అందవలెను.